పిడుగురాయి ఏ చేనులో దొరికింది?

(మహబూబ్‌నగర్‌లో చరిత్ర విద్యార్థులు, ఉపాధ్యాయుల ముందు ఒక పురావస్తు పరిశోధకుడు చేసిన ప్రసంగానికి రాతరూపం)

అందరికీ నమస్కారం.

ఈ రాయిని ముందు వరుసతో మొదలుపెట్టి చేతులు మారుస్తూ వెనక దాకా పంపండి. గట్టి రాయే, భయం లేదు. ఒక్కసారి అరచేతిలో పెట్టుకొని వేళ్లు మూసి చూడండి. ఒక కొన సన్నగా మొన తేలి ఉంది. రెండో కొన వెడల్పుగా, నున్నగా, పదును తిరిగి ఉంది. ఇది గొడ్డలి. నవీన శిలాయుగం, అంటే రాళ్లను నున్నగా రుద్ది పనిముట్లు చేసుకున్న కాలం వాళ్లది. కట్టెకు బిగించి చెట్లు నరికేవారు. వయసు నాలుగు వేల ఏళ్లు ఉండొచ్చు, మూడున్నర వేలు కూడా ఉండొచ్చు. ఇంతకన్నా దగ్గరగా ఎందుకు చెప్పలేనో చెప్పడానికే ఈరోజు వచ్చాను.

నేను ఎం.ఏ. చదివే రోజుల్లో దేవరకొండ నుంచి సాగర్ వైపు పోతూ ఒక చేని గట్టు మీద దీన్ని ఏరుకున్నాను. దొరికిందన్న సంతోషంలో జేబులో వేసుకున్నాను. ఏ ఊరి పొలం, గట్టుకు ఏ పక్క, చుట్టూ ఇంకేం పడి ఉన్నాయి, ఏదీ రాసుకోలేదు. తర్వాత రెండుసార్లు ఆ దారిన తిరిగాను. గట్టు గుర్తుపట్టలేకపోయాను. దీన్ని చేసినవాళ్లు ఎక్కడ ఉండేవారో, ఎక్కడ రాళ్లు చెక్కేవారో ఈ గొడ్డలి నాకు చూపించగలిగేది. ఆ దారిని నా చేతులతో నేనే మూసేశాను. ఇన్నేళ్లయినా దీన్ని పెట్టెలోంచి తీసిన ప్రతిసారీ బాధగానే ఉంటుంది.

ఇలాంటి రాయే ఇంకొకటి చూశాను. మక్తల్ వైపు ఒక పల్లెలో సర్వే చేస్తుంటే ఒక పెద్దమ్మ మంచినీళ్లు ఇచ్చింది. నీళ్లు తాగుతూ చూస్తే దేవుని గూట్లో, పసుపు రాసి, బొట్టు పెట్టి, రాతి గొడ్డలి కనిపించింది. "ఇదేందమ్మా?" అని అడిగితే, "గది పిడుగురాయి బిడ్డా. ఇంట్ల ఉంటె పిడుగు పడదు" అన్నది. "ఏడ దొరికింది?" అన్నాను. "మా మామ నాగలి కొట్టంగ ఎల్లింది. మా మీది చెల్కల, తుమ్మచెట్టు కాడ, నల్లగుండ్లకు ఇవతల."

చూడండి, ఎంత వివరంగా చెప్పిందో! ఆ మామ పోయి చాలా ఏళ్లయింది. ఆమెకు చదువు రాదు. అయినా నేను ఎం.ఏ.లో రాసుకోనిదంతా ఆమె జ్ఞాపకంలో ఉంది.

మరునాడు పొద్దున్నే ఆమె మనవడితో కలిసి ఆ చెల్కకు, అంటే ఆ మెట్టచేనుకు, పోయాం. తుమ్మచెట్టు లేదు, మొద్దు ఉంది. నల్లగుండ్లు మాత్రం అలాగే ఉన్నాయి. మన పాలమూరు, నల్లగొండ గుట్టలన్నీ బూడిదరంగు, గులాబీరంగు గ్రానైటు కదా. వాటి మధ్య అక్కడక్కడా నల్లటి రాయి గోడలాగా బారుగా పోతూ ఉంటుంది. గ్రానైటు పగుళ్లలోకి కిందినుంచి కరిగిన రాయి ఎక్కి గడ్డకట్టింది. డోలరైట్ అంటారు. సన్నటి రేణువు, గట్టిదనం, దెబ్బకు అనుకున్న చోట పెచ్చు లేవడం, ఇవన్నీ ఉన్న రాయి. గొడ్డలికి ఇంతకన్నా మంచిది ఈ ప్రాంతంలో దొరకదు. ఆ గుండ్ల చుట్టూ చెల్క నిండా పెచ్చులే. సగం చెక్కి విరిగిపోతే వదిలేసినవి కూడా కనిపించాయి.

కొంచెం దూరంలో గ్రానైటు బండ మీద, వాననీళ్లు నిలిచే చోట, పడవ ఆకారంలో గాడులున్నాయి. జానెడు నుంచి మూరెడు పొడుగు. ముట్టుకుంటే అద్దంలా నున్నన. ముందు పెచ్చులు కొట్టి ఆకారం తేవాలి. తర్వాత ఇంకో రాయితో చిన్నచిన్న దెబ్బలు వేసి గరుకు తీయాలి. చివరికి ఇసుక, నీళ్లు పోసి ఈ గాడుల్లో రుద్ది రుద్ది పదును పెట్టాలి. ఒక్క గొడ్డలికి రోజుల తరబడి పని. ఒకరిద్దరు రుద్దితే బండ అంత లోతుగా అరగదు. ఎన్నో తరాల వాళ్లు అక్కడే, అవే గాడుల దగ్గర కూర్చున్నారు. పెద్దమ్మ చెప్పిన ఒక్క మాటతో మాకు గొడ్డళ్లు చేసిన చోటు దొరికింది. ఆమె రాయి ఆమె గూట్లోనే ఉంది. ఫొటో తీసి, కొలిచి, ఊరిపేరు, చేని పేరు, సర్వే నంబరు రాసుకొని వచ్చాను. దాని మీద నాకున్న హక్కు అంతవరకే.

మీలో చాలామంది పురావస్తు శాఖ అంటే నిధులు, విగ్రహాలు అనుకుంటారు. తవ్వకం దగ్గరికి వచ్చినవాళ్లు కూడా మొదట అడిగేది "బంగారం దొరికిందా సారూ?" అనే. మేం వెతికేది మట్టి రంగులో మార్పు. ట్రెంచ్, అంటే మేం తవ్విన గుంట, దాని గోడను తాపీతో నున్నగా గీసి, నీళ్లు చిలకరించి చూస్తే పొరలు బయటపడతాయి. ఎర్ర మట్టి, దాని కింద బూడిద, దాని కింద తొక్కి గట్టిపడిన నేల. కింది పొర పాతది, పై పొర కొత్తది. అంతవరకు సులువే. ఎలుక బొరియ తవ్వినా, ఎవరో పాతర తవ్వినా పైది కిందికి పోతుంది, కిందిది పైకి వస్తుంది. ఆ తేడాను మాకన్నా ముందు పట్టేది కూలీలు. ఎక్కడ ఏ ఆనకట్ట కట్టినా మట్టి పనికి పాలమూరు కూలీలు పోయిన సంగతి మీకు తెలుసు. గడ్డపార దిగిన చప్పుడు విని "సార్, ఇక్కడ మట్టి గుల్లగుంది, ఆగుండ్రి" అని నన్ను ఆపిన మనిషి ఉన్నాడు. ఆగి చూస్తే కుండ అంచు. నా నోట్‌బుక్కులో ఆ రోజు పేజీ మీద ఆయన పేరే ముందు రాసుకున్నాను.

ఇక ఉట్నూరు. ఆదిలాబాద్ ఉట్నూరు కాదు, మన పాత మహబూబ్‌నగర్ జిల్లా ఉట్నూరు. ప్రపంచంలో ఎక్కడ దక్షిణ భారత నవీన శిలాయుగం గురించి చదివినా ఈ ఊరి పేరు వస్తుంది. మన పిల్లలకే తెలియదు.

కృష్ణ, తుంగభద్రల చుట్టుపక్కల, ఇక్కడినుంచి రాయచూరు, బళ్లారి దాకా, కొన్నిచోట్ల పెద్దపెద్ద బూడిద దిబ్బలుంటాయి. కొన్ని ఎత్తైన ఇంటంత ఉంటాయి. లోపల బూడిద, గాజులాగా కరిగి గడ్డకట్టిన చిట్టెం. చూసినవాళ్లు రాక్షసుల బూడిద అన్నారు, అగ్నిపర్వతం అన్నారు, ఇనుము కరిగించిన బట్టీలు అన్నారు. బ్రిటిష్ భూగర్భ శాస్త్రవేత్త రాబర్ట్ బ్రూస్ ఫుట్ మాత్రం ఇది పశువుల పేడ కాలిన బూడిద అన్నాడు. 1863లో మద్రాసు దగ్గర పల్లవరంలో పాత రాతియుగం పనిముట్టును గుర్తుపట్టింది కూడా ఆయనే. పేడ సంగతి తేలడానికి చాలా కాలం పట్టింది. 1957లో బ్రిటిష్ పురావస్తు పరిశోధకుడు రేమండ్ ఆల్చిన్ ఉట్నూరు దిబ్బను తవ్వాడు. ఆ నివేదిక 1961లో హైదరాబాద్ నుంచే అచ్చయింది.

ఏం దొరికింది? దుంగలు పాతిన గుంటలు. వరుసగా, గుండ్రంగా తిరిగి. అంటే దొడ్డి. పసులమందను రాత్రిపూట తోలే దొడ్డి. లోపల పేడ పేరుకుంటుంది, దానికి నిప్పు పెడతారు, దొడ్డి కాలిపోతుంది, మళ్లీ అదే చోట కొత్త దొడ్డి కడతారు. ఇలా ఒకసారి కాదు, పదేపదే. అందుకే దిబ్బ పెరిగింది. నన్ను పట్టుకున్నది ఇవేవీ కాదు. ఆ పొరల్లో పశువుల గిట్టల గుర్తులు బయటపడ్డాయి. తడి నేల మీద నడిచిన గిట్టలు, వాటి మీద పడ్డ బూడిద, ఆ మీద పొర మీద పొర. నాలుగు వేల ఏళ్ల పైమాటే. ఒక సాయంత్రం మంద దొడ్డిలోకి దూరిన అడుగులు ఇంతకాలం చెరగలేదు. రాజుల శాసనాలు చాలా చదివాను. ఏ శాసనం ముందూ నాకు అంత ఊపిరి ఆగలేదు.

నిప్పు ఎందుకు పెట్టారు? ప్రమాదం అయితే ఒకటి రెండుసార్లు కాలుతుంది, ఇన్నిసార్లు కాలదు. ఆల్చిన్ దీన్ని మన సంక్రాంతి, హోలీ, దీపావళి మంటలతో పోల్చాడు. పసులను మంట పక్క నుంచి, మంట మీది నుంచి తోలే ఆచారం దక్షిణాదిన ఇప్పటికీ ఉంది కదా, దాని పాత రూపం కావచ్చన్నాడు. నా మటుకు ఆ పోలిక సగం నచ్చుతుంది. పండుగ పేర్లు నాలుగు వేల ఏళ్ల వెనక్కి తీసుకుపోవడం నాకు సమ్మతం కాదు. కానీ రోగం వచ్చిన మందకో, మేత అయిపోయి ఊరు మారే మందకో, నిప్పుతో శుద్ధి చేసుకొని కదలడం అనే ఆలోచన పశువులు కాసేవాళ్లకు సహజంగా తట్టేదే. ఇంకో మాట గుర్తొస్తోంది. మన భాషలో 'పెంట' అంటే పేడకుప్ప. నల్లమలలో అదే 'పెంట' అంటే చెంచుల పల్లె. అప్పాపూర్ పెంట, రాంపూర్ పెంట, ఇలా. ఒకే మాట రెండింటికీ ఎలా వచ్చిందో మీలో భాష చదివేవాళ్లు ఎవరైనా పట్టుదలగా చూడాలని నా కోరిక.

దిబ్బలోని బొగ్గుముక్కల వల్లే కాలం తెలుస్తుంది. బొగ్గులో ఉండే ఒక రకం కార్బన్ 5,730 ఏళ్లకు సగం అవుతుంది. ఎంత మిగిలిందో కొలిస్తే చెట్టు ఎప్పుడు చచ్చిపోయిందో లెక్క వస్తుంది. కానీ ఆ బొగ్గు ఏ పొరలోదో రాసి ఉండాలి. పొర తెలియని బొగ్గు పొయ్యిలోకే పనికొస్తుంది.

వాళ్లేం తిన్నారో కూడా తెలుసుకోవచ్చు. పొయ్యిల దగ్గరి బూడిదమట్టిని బకెట్ నీళ్లలో కలిపితే మట్టి అడుగుకు పోతుంది, కాలిన గింజలు పైకి తేలతాయి. సన్నటి బట్టతో వాటిని వడగట్టి, నీడలో ఆరబెట్టి, సూక్ష్మదర్శిని కింద చూస్తారు. కృష్ణ, తుంగభద్రల నడుమ నవీన శిలాయుగపు ఊళ్లలో ఎక్కువగా తేలినవి ఉలవలు, పెసలు, అండుకొర్రలు. అవును, అండుకొర్రలే! ఇప్పుడు షుగర్ ఉన్నవాళ్లకు మంచిదని హైదరాబాద్‌లో ప్యాకెట్లలో అమ్ముతున్నారే, అవే. మా అమ్మ ఉలవచారు కాచినప్పుడు వచ్చే వాసన ఈ నేల మీద ఎప్పటినుంచి ఉందో ఆ నల్లటి గింజలు చూశాకే నాకు అర్థమైంది.

ఆ ఊళ్లలో ఇంటి నేల కింద కుండలుంటాయి. కొన్నిట్లో పసిపిల్లల ఎముకలు. పెద్దవాళ్లను సాగదీసి పడుకోబెట్టి పూడ్చేవారు. పురిట్లోనో, నెలల లోపునో పోయిన బిడ్డను మాత్రం కుండలో పెట్టి, ఇంట్లోనే, కాళ్ల కిందే పెట్టుకునేవారు. మొదటిసారి అలాంటి కుండను శుభ్రం చేసిన రోజు నేను ఎక్కువసేపు పని చేయలేకపోయాను. పక్కన పనిచేస్తున్న ఆడకూలీలు కూడా తట్టలు దించి నిలబడ్డారు. వాళ్లలో ఒకామె కొంగుతో కళ్లు తుడుచుకుంది. ఆ తల్లికి భాష ఏదో, దేవుడెవరో నాకు తెలియదు. బిడ్డను దూరం పెట్టలేకపోయిందని మాత్రం అక్కడున్న అందరికీ తెలిసింది.

ఇనుము వచ్చాక అంతా మారింది. సుమారుగా క్రీస్తు పూర్వం 1200 నుంచి క్రీస్తు శకం మొదలు దాకా, మన దగ్గర చాలా ఊళ్ల పొలిమేరలో కనిపించే రాతి సమాధులు ఆ కాలానివి. మీరు వాటిని రాకాసిగూళ్లనో, పాండవుల గుళ్లనో అంటారు. గుండ్రంగా పేర్చిన గుండ్లు, నడుమ రాళ్లకుప్ప, కింద నాలుగు పలకలతో కట్టిన రాతి పెట్టె, పైన కప్పుబండ. భువనగిరి దగ్గర రాయగిరిలో నిజాం కాలంలోనే డాక్టర్ హంట్ వీటిని తవ్వాడు. 1924లో ఆయన వీటి మీద వ్యాసం అచ్చు వేశాడు. లోపల ఎరుపు, నలుపు కలిసిన కుండలు, ఇనుప కత్తులు, కొడవళ్లు, బాణం మొనలు. కుండలను ఊకలో, గడ్డిలో బోర్లించి కాలిస్తే గాలి తగలని లోపలి భాగం, అంచు నల్లబడతాయి, గాలి తగిలిన బయటి భాగం ఎర్రబడుతుంది. ఊళ్లో కుమ్మరి వామి చూసినవాళ్లకు ఇది చెప్పనక్కర్లేదు.

అంత బండను ఎలా ఎత్తారని ప్రతిచోటా అడుగుతారు. రాక్షసులు అవసరం లేదు. మన గ్రానైటు గుట్టలు ఎండకు, చలికి ఉల్లిపొరల్లా పలకలుగా విడిపోతాయి. విడవని చోట మంట పెట్టి, కాగిన బండను దెబ్బకొట్టి లేపే విద్య వడ్డెరలకు నిన్నమొన్నటి దాకా తెలుసు. దుంగల మీద దొర్లించి, మట్టి ఏటవాలు కట్టి, తాళ్లతో లాగితే పెట్టె మీదికి వస్తుంది. కావలసింది మనుషులు. ఒకరి చావుకు ఊరూరా కదిలివచ్చి బండ లాగారంటే ఆ పోయినవాళ్ల మీద ఎంత గౌరవమో, ఆ ఊళ్ల మధ్య ఎంత పొత్తో అక్కడే తెలిసిపోతుంది.

ఏలేశ్వరం గురించి రెండు మాటలు. నల్లగొండ జిల్లాలో, కృష్ణ ఒడ్డున ఉండేది. 1955లో నాగార్జునసాగర్‌కు పునాది పడింది. నీళ్లు రాకముందే అవతలి ఒడ్డున నాగార్జునకొండను, ఇవతల ఏలేశ్వరాన్ని తవ్వారు. ఏలేశ్వరంలో అబ్దుల్ వహీద్ ఖాన్ నడిపించిన తవ్వకంలో రాతి సమాధులు కూడా బయటపడ్డాయి, నివేదిక 1963లో వచ్చింది. సాగర్ నీళ్లు నల్లగొండ చేలను తడిపాయి, నేను దాన్ని తప్పు పట్టను. ఒక సంగతి మాత్రం ఆలోచించండి. అప్పుడు గడువు నెత్తిమీద ఉన్నా, నీళ్లు వచ్చేలోపు కొలిచారు, గీశారు, రాశారు. కాబట్టే ఊరు మునిగినా మనం ఏలేశ్వరం గురించి చదవగలుగుతున్నాం. ఇప్పుడు ఏ ఆనకట్టా లేకుండానే, ఒక రాత్రిలో, జేసీబీతో రాకాసిగూళ్లు చదును అవుతున్నాయి. నేను మూడేళ్ల కింద లెక్కబెట్టి పటం గీసుకున్న ఒక సమాధుల గుంపు దగ్గరికి మళ్లీ పోతే ప్లాట్ల రాళ్లు పాతి ఉన్నాయి. రాళ్లకు తెల్ల సున్నం. గూళ్ల గుండ్లు ప్రహరీ పునాదిలో కనిపించాయి. కాపలాదారును అడిగితే అతను పాపం, "పనికిరాని గుండ్లు సార్, సాఫ్ చేసిన్రు" అన్నాడు. అతని తప్పేం లేదు. అవి ఏమిటో అతనికి చెప్పినవాళ్లు లేరు. ఆ రోజు నాకు కోపం కన్నా సిగ్గే ఎక్కువ వేసింది. పటం గీసుకున్న నేను ఊళ్లో పదిమందిని కూర్చోబెట్టి ఎందుకు చెప్పలేదు?

ముడుమాల్‌లో ఇంకో తీరుగా జరిగింది. నారాయణపేట జిల్లా, కృష్ణ మండలం, కృష్ణానది ఒడ్డు. అక్కడ దాదాపు 80 నిలువురాళ్లు, పది నుంచి పద్నాలుగు అడుగుల ఎత్తున నిలబడి ఉన్నాయి. చుట్టూ సుమారు 80 ఎకరాల్లో అడుగు, రెండడుగుల చిన్నరాళ్లు వరుసలు తీరి ఉన్నాయి, దాదాపు మూడు వేలు. వయసు మూడున్నర వేల నుంచి నాలుగు వేల ఏళ్లని అంచనా. హైదరాబాద్ కేంద్రీయ విశ్వవిద్యాలయంలో పనిచేసిన ఆచార్య కె. పుల్లారావు ఏళ్ల తరబడి దీని వెంట పడ్డారు. ఒక బండ మీద చెక్కిన గుంటలు సప్తర్షి మండలం ఆకారంలో ఉన్నాయని, రాళ్ల వరుసలకు సూర్యుడి పొద్దుతో సంబంధం ఉందని చూపారు. 2025లో యునెస్కో ప్రపంచ వారసత్వ తాత్కాలిక జాబితాలో ముడుమాల్ చేరింది. కానీ పరిశోధకులు రాకముందు ఇన్ని వందల ఏళ్లు దాన్ని కాచింది ఎవరు? ఊరివాళ్లే. వాళ్లకది 'నిలురాళ్ల తిమ్మప్ప'. ఒక రాయిని ఎల్లమ్మగా కొలుస్తారు. తిమ్మప్ప రాయికి గడ్డపార వేయడానికి ఎవరి చెయ్యి లేస్తుంది? నమ్మకం కాచినంత గట్టిగా ఏ ఇనుప కంచే కాయలేదు. పెద్దమ్మ గూట్లో రాయి సంగతి కూడా అంతే. పిడుగురాయి అనుకుంది కాబట్టే అది ఇంట్లో మిగిలింది, చోటు కూడా గుర్తుంది. ఊళ్లోకి పోయి "అది మూఢనమ్మకం" అని మొదలుపెట్టకండి. ముందు వినండి.

మీ ఊరి పొలిమేరలో నున్నటి రాయో, ఎరుపు నలుపు పెంకో, చిట్టెం కుప్పో కనిపిస్తే చేతికి తీసుకోవద్దు. ఉన్నచోటే, పక్కన ఒక పెన్ను పెట్టి ఫొటో తీయండి, కొలత తెలుస్తుంది. తర్వాత నాలుగు అడుగులు వెనక్కి వచ్చి చుట్టూ ఉన్న గట్టు, చెట్టు, గుట్ట కనిపించేలా ఇంకోటి తీయండి. ఫోన్‌లో లొకేషన్ ఆన్ చేసి ఉంచండి. ఆ చేనును ఊళ్లో ఏమని పిలుస్తారో అడిగి రాయండి. దెయ్యాలగుంట, పాటిచేను, బూడిదగడ్డ, ఇలాంటి పేరు ఉంటే మరీ ముఖ్యం. పాటిచేను అంటే పాత ఊరు ఉండి పోయిన చోటు. వివరాలు మీ లెక్చరర్‌కు ఇవ్వండి, వారసత్వ శాఖకు పంపడం ఆయన చూస్తారు.

రాయి వెనక దాకా పోయినట్టుంది. ముందుకు పంపండి. మీలో ఎవరి చేతిలో అయినా పదును అంచు దగ్గర చిన్న పెచ్చు ఊడిన గుర్తు తగిలిందా? తగిలింది కదా. అది వాడినప్పుడు ఊడింది. కొట్టింది చెట్టునో, ఎముకనో.

వచ్చే ఆదివారం ముడుమాల్ పోతున్నాం. బస్సు ఉదయం నాలుగున్నరకు కాలేజీ గేటు దగ్గర. టెన్షన్ పడకండి, టిఫిన్ అక్కడే ఏర్పాటు చేశాం. అంత పొద్దున ఎందుకంటే, గుంటలు చెక్కిన బండ మీద ఎండ ఏటవాలుగా పడాలి. పొద్దు పొడిచిన గంటలోపైతే ప్రతి గుంటలో నీడ నిలుస్తుంది, ఏడు చుక్కలూ లెక్కపెట్టొచ్చు. పది దాటితే వెలుగు నేరుగా పడి, బండ చదునుగా ఉన్నట్టే కనిపిస్తుంది. టోపీ, నీళ్ల సీసా, నోట్‌బుక్ తెచ్చుకోండి. సంచులు తెచ్చుకోకండి.